ఆడవాళ్ళ వైపు కెమెరా

పాతబస్తీ జహనుమాలో మా బర్రెల కొట్టం పక్కింటి పిల్ల అతియా. పేర్లు మార్చి రాస్తున్నాను, ఆరా తీయకండి. మా గల్లీ షాదీల్లో ఆడవాళ్ళ వైపుకు మగ కెమెరావాళ్ళను రానివ్వరు. అక్కడ తీసేది ఈ పిల్లే. తీసింది పెళ్ళివాళ్ళకు తప్ప పరాయి కంటికి చూపకూడదు. ఆ నమ్మకం మీదే పిలుస్తారు, ఆ ఇల్లు గడుస్తుంది.

మిగిలిన వేళల్లో సొంత సినిమా తీసేది. అందులో సగం నిజంగా జరిగింది, సగం మనుషులతో ఆడించింది.

"గట్ల కలిపితే ఏది నిజమో ఎట్ల తెలుస్తది బిడ్డా?" అని అడిగాను.

"తెల్వకపోవుడే కావాలమ్మా నాకు."

పాట లేదు, ఫైటింగ్ లేదు, ఇదేం సినిమా అని మొహం మీదే అన్నాను.

పోయిన ఏడు కుబ్రా బీబీ కొడుకు షాదీకి అతియానే తీసింది. పాలు పోసేదాన్నని నన్నూ పిలిచారు. గాజులు సర్దుతుంటే పెళ్ళికూతురు నాతో, "ఇష్టమేనా అని నన్నెవరు అడగలే అమ్మా" అంది. కెమెరా తిరుగుతూనే ఉంది.

ఆ మాట అతియాను వదల్లేదు. పెళ్ళివాళ్ళకు ఇచ్చినదాంట్లోంచి దాన్ని కోసేసింది; తన సినిమాకు మాత్రం అసలు వీడియో ముట్టుకోలేదు. తన చెల్లెలు ఆఫియాకు పెళ్ళికూతురి ముసుగు వేసి, నన్ను పక్కన కూర్చోబెట్టి, ఆ మాట చెప్పించింది. ఆఫియా బాగా ఏడ్చింది. నేను ఇంకా బాగా చేశాను.

అప్పటిదాకా తీసిన సినిమాను ఎక్కడో నలుగురికి చూపిస్తే, ఆ ముక్కను ఎవరో ఫోన్లో పట్టారు. అది కుబ్రా బీబీ చేతికి చేరింది. ఆమె కోడలిని వెంటేసుకుని అతియా వాళ్ళ గుమ్మంలోకి వచ్చింది. లొల్లి విని నేనూ వెళ్ళాను.

"మా ఇంటి పరదా బజార్ల పెట్టినవా? షరమ్ లేదా?"

"అది మీ కోడలు గాదు ఖాలా. మా ఆఫియా. ఆడించిన."

"పాలమ్మ పక్కనే ఉన్నది గద! మా షాదీల గూడ ఉండె."

"రెండు దిక్కుల ఉన్న బీబీ," అన్నాను. "ఉండొద్దా?"

"చుప్, పాలమ్మా! అతియా, మాకిచ్చింది గాదు, అసలుది పెట్టు. రెండూ ఒకటి కాకుంటే నేనే మాఫీ అడుగుత."

అసలుదాంట్లో ఆ కోడలు సొంత మొహంతో, సొంత గొంతుతో అదే మాట అంటుంది. అది చూపిస్తే అతియా దొంగ కాదని తేలుతుంది, ఆ పిల్ల బతుకు మాత్రం ఆ ఇంట్లో నరకం. అత్త వెనక నిలబడిన ఆ పిల్ల పెదవులు తెల్లబడ్డాయి.

"కార్డు ఖరాబైంది," అంది అతియా. "ఆ మాట నేను రాసుకున్నది. మీ కోడలు ఏం అనలే."

"ఝూట్!"

"అయితే ఝూటే అనుకో ఖాలా."

"ఇగ నిన్ను ఏ షాదీకి పిలుస్తరో నేను గూడ చూస్త."

నేను నోరు మూసుకున్నాను. అది నాకు చేతనయ్యే పని కాదు, అయినా మూసుకున్నాను.

తరవాత ఎవరూ పిలవలేదు. కెమెరా ముందు కూర్చునేవాళ్ళు లేక సినిమా పనీ ఆగింది. "బర్రెలకు పరదా లేదు, వాటిని తియ్యరాదే" అన్నాను. నవ్వలేదు.

పాలకు వచ్చి, ముసుగు ఎత్తుకుని నాతో కబుర్లాడే ఆడవాళ్ళు, అతియా వస్తే టక్కున దించేస్తున్నారు. నిన్న కుబ్రా బీబీ కోడలు కూడా దించుకుంది. అతియా గిన్నె అక్కడే పెట్టి, పాలు పోయించుకోకుండానే ఇంట్లోకి వెళ్ళిపోయింది.