చిప్పు ఏ మిషన్‌ల పెడ్తవ్?

సోల్డరింగ్ ఐరన్ వేడెక్కి సీసపు తీగకు తగలగానే సన్నగా పొగ లేస్తుంది. కాల్చిన గుగ్గిలం వాసనకు దగ్గరగా ఉంటుంది, కొంచెం ఘాటు ఎక్కువ. ఈ ఉదయం తొమ్మిదీ పదికి దుకాణం తీసి మొదటి సర్క్యూట్ బోర్డు పట్టుకోగానే ఆ పొగ ముక్కుకు తగిలింది, నాకు నవ్వు వచ్చింది. మొయిన్ సాబ్ పోయి పదకొండు నెలల నాలుగు రోజులు. ఆయన్ను తలచుకుంటే నాకు ముందుగా వచ్చేది నవ్వే. ఆయన ఉన్నప్పుడూ అంతే.

ఆయనది సిద్దిపేటలో బోరు మోటార్ల స్టార్టర్లు, బట్టలుతికే మిషన్లు బాగుచేసే దుకాణం. నేను గుమస్తాగా ఉన్న బడి మూతపడితే, నలభై తొమ్మిదో ఏట రిజిస్టరు రాసే పని కోసం అక్కడికి వెళ్లాను. ఆయన నా చదువు అడగలేదు. ఒక డబ్బా నిండా చిప్పులు బల్ల మీద బోర్లించి లెక్కపెట్టమన్నారు. చిప్పు అంటే మిషన్‌కు మెదడు లాంటిది. గోరంత నల్లటి పలక, రెండు వైపులా సన్నటి ఇనుప కాళ్లు. నేను రెండుసార్లు లెక్కపెట్టాను.

"ఆరు వందల పన్నెండు సాబ్. అండ్ల రెండు ఇరిగినయ్."

"ఇరిగినయి లెక్కల ఎందుకేసినవ్?"

"ఇరిగినా ఉన్నయ్ గద సాబ్."

ఆయన కళ్లద్దాలు పైకి తోసి, చిప్పులన్నీ తిరిగి డబ్బాలో పోశారు. "రేపు తొమ్మిదింటికి రా, సుశీలమ్మా," అన్నారు.

ఆ దుకాణంలో ఒక పద్ధతి ఉండేది. చిప్పు ఏ మిషన్‌లో పెడతారో చెప్పనిదే ఆయన ఎవరికీ అమ్మేవారు కాదు. మిషన్ తెచ్చి చూపిస్తే మరీ మంచిది. ఎవరి పేరు, ఏ ఊరు, ఏ మిషన్, అన్నీ నేను రిజిస్టరులో రాయాలి. ఆయన అనుభవంలో తప్పు చిప్పు పెట్టి మోటారు కాల్చుకున్న రైతులు చాలామంది. కొండపాక రైతు మల్లయ్యకు ఈ పద్ధతి మీద ఎప్పుడూ గుర్రే.

"చిప్పు ఇస్తున్నవా సాబ్, పిల్లనిస్తున్నవా? ఇంటిపేరు గూడ అడిగితివి!"

"పిల్లనైతే ఇంకా శాన అడుగుదునురా మల్లయ్యా. నీకైతే అస్సలే ఇయ్యను."

దుకాణమంతా నవ్వు. మల్లయ్య కూడా నవ్వి ఇంటిపేరు చెప్పేవాడు.

నేను చేరిన పన్నెండో ఏట ఆయనకు డెబ్భై నాలుగు నిండాయి. కుడిచేయి వణకడం మొదలైంది. చిప్పు కాళ్ల మధ్య దూరం గోధుమగింజ మందం కూడా ఉండదు. చేయి వణికితే సీసం రెండు కాళ్ల మీద పడి బోర్డు పాడవుతుంది. భూతద్దంతో చూసి చిప్పును తనే అతికించే మిషన్ ఒకటి ఉందని ఆయన ఒక ప్రకటనలో చూపించారు. అది కొనే స్తోమత మాకు లేదు. అది రాకపోతే ఐరన్ వదిలేయాలి. నలభై ఏళ్లుగా పట్టిన ఐరన్.

అప్పుడే ఒక మంగళవారం, పదకొండున్నరకు, నగరం నుంచి ఒక పెద్దమనిషి వచ్చాడు. బట్టలుతికే మిషన్లలో వాడే ఒక రకం చిప్పులు నాలుగు వేల ఎనిమిది వందలు మా దుకాణం పేరు మీద తెప్పించాలన్నాడు. ఏళ్ల తరబడి మచ్చలేని పేరు మాది, చిప్పులమ్మే కంపెనీ మా మాట నమ్ముతుంది. చిప్పులు చివరికి ఏ యంత్రంలో వాడతారో కంపెనీకి రాసిచ్చి సంతకం పెట్టే కాగితం కూడా వెంట తెచ్చాడు. అతని చూపు సాబ్ చేతి మీద, బల్ల మీదున్న ఆ ప్రకటన మీద పడింది.

"ఈ ఒక్క సంతకం పెట్టండి. భూతద్దం మిషన్ శుక్రవారంకల్లా మీ బల్ల మీద దింపిస్తా."

నిజం చెప్పాలి: నేను కాగితం లాక్కుని 'బట్టలుతికే మిషన్ల మరమ్మతు' అని అప్పటికే రాసేశాను. పన్నెండేళ్లలో అడగకుండా రాసింది అదొక్కసారే.

సాబ్ మాత్రం తొందరపడలేదు. "సుశీలమ్మా, పోయిన ఏడు మనం ఎన్ని బట్టల మిషన్లకు చిప్పులు మార్చినం?"

రిజిస్టరు తీశాను. "తొంభై ఆరు."

"గీయన అడిగినయి ఎన్నేండ్లకు అయితయి?"

భాగించాను. సరిగ్గా యాభై. శేషం కూడా లేదు. ఆ అంకె చూశాక నేను రాసిన అక్షరాలు చూడబుద్ధి కాలేదు. "యాభై ఏండ్లు సాబ్. అప్పటికి నాకు నూట పదకొండు, మీకు నూట ఇరవై నాలుగు."

ఆయన పగలబడి నవ్వారు. "అందాక బతుకుతమని గీ సార్ రాసిస్తే నేను గూడ సంతకం పెడ్త!" ఆ నవ్వుతోనే అతని వైపు తిరిగారు. "చెప్పుండ్రి సార్, ఏ మిషన్‌ల పెడ్తరు?"

అతను నీళ్లు నమిలాడు. ఇక్కడి నుంచి ఒక గల్ఫ్ దేశానికి, అక్కడి నుంచి ఇంకో దేశానికి అన్నాడు. ఆ ఇంకో దేశం యుద్ధంలో ఉంది. ఆయుధాలకు వాడుతోందని చిప్పులు తయారుచేసే దేశాలు దానికి అమ్మడం మానేశాయి. ఆ సంగతి సాబ్ రోజూ చదివే ఉర్దూ పేపరులో వచ్చిందే, ఆయన అదే అతనితో అన్నారు.

"ఆ కట్టడి పెట్టింది వాళ్లు, మనం కాదు గదా. ఇవి ఉత్త బట్టలుతికే చిప్పులు సాబ్," అన్నాడు పెద్దమనిషి.

"బట్టలు ఉతకనీకే అయితే నా పేరెందుకు? మీ పేరు మీదనే తెప్పిచ్చుకోరాదుండ్రి."

అతను లేచి కారెక్కి వెళ్లిపోయాడు. నేను రాసిన కాగితాన్ని సాబ్ నా చేతికే ఇచ్చి చింపమన్నారు. "చిప్పుకు ఒక్కటే పని తెల్సు, మోటరు ఎంత తిరగాల్నో చెప్పుడు. డ్రమ్ము తిప్పమంటే తిప్పుతది. బాంబు రెక్కను తిప్పమన్నా తిప్పుతది. దానికి ఎరుక లేదు, మనకుంది గద."

మధ్యాహ్నం మల్లయ్య స్టార్టరు పట్టుకొచ్చాడు. బోరు ఆగి రెండు రోజులట, నారుమడి ఎండుతోంది. సాబ్ ఐరన్ పట్టుకున్నారు. చేయి వణికింది. సీసం రెండు కాళ్ల మీద పడింది. తుడిచి మళ్లీ పట్టుకున్నారు. మళ్లీ పడింది. సాబ్ ఐరన్ స్టాండులో పెట్టి కుర్చీలోంచి లేచారు.

"సుశీలమ్మా, గీడ కూసో."

"నాకు లెక్కలే వస్తయి సాబ్."

"ఇది గూడ లెక్కనే. ఇరవై ఎనిమిది కాళ్లు. ఒక్కొక్కదాన్ని తాకు, మూడు లెక్కపెట్టు, తియ్యి."

అరవై ఒకటో ఏట మొదటిసారి ఐరన్ పట్టుకున్నాను. ఒకటి, రెండు, మూడు, తియ్యి. సాబ్ పక్కన స్టూలు వేసుకుని, చేతులు ఒళ్లో పెట్టుకుని, ఏది ఎక్కువైందో ఏది తక్కువైందో చెబుతూ కూర్చున్నారు. మల్లయ్యకు ఓపిక నశించింది.

"అక్క అతికిచ్చుడయ్యేసరికి నా నారు కాదు, నేనే ఎండిపోత."

"నువ్వెప్పుడో ఎండినవ్ తియ్యి. గట్ల పక్కకు జరుగు, అక్కకు ఎలుతురు రానియ్యి."

గంటా పది నిమిషాలు పట్టింది. మూడు కాళ్లు సరిగా అతకకపోతే మళ్లీ చేశాను. మల్లయ్య స్టార్టరు బండికి కట్టుకుని వెళ్లిపోయాడు. అయిదూ ఇరవైకి ఫోను మోగింది. మాట లేదు, పైపులోంచి నీళ్లు దుంకుతున్న చప్పుడు మాత్రమే. మల్లయ్య ఫోను బోరు దగ్గర పట్టుకున్నాడు. సాబ్ చాలాసేపు విన్నారు. తర్వాత పక్క హోటలు వైపు తిరిగి, "రెండు చాయ్, మలాయ్ ఏసి!" అని వీధంతా వినబడేలా కేకేశారు.

ఆయన మళ్లీ ఐరన్ పట్టలేదు. రెండేళ్లు అదే స్టూలు మీద కూర్చుని, చమత్కారాలాడుతూ, నా చేత నాలుగు వందల ముప్పై ఏడు బోర్డులు చేయించారు. మల్లయ్య స్టార్టరు బాగుచేసిన ఆ సాయంత్రం రిజిస్టరులో 'బాగుచేసినవారు' అనే గడిలో నేను అలవాటు కొద్దీ ఆయన పేరు రాశాను. ఆయన చూసి, నా కలం తీసుకుని, తన పేరు కొట్టేసి, వణికే చేతితో పక్కనే ఉర్దూలో నా పేరు రాశారు. నాకు ఉర్దూ రాదు. చదవగలిగేది ఆ ఒక్క మాటే.