దండ వెయ్యని ఫొటో

మా గున్నేశ్వరరావు చెయ్యలేని పాత్ర లేదు. మునసబు, మంగలి, డాక్టరు, దొంగ... ఏదిచ్చినా నమిలి మింగేసేవాడు. ఒకసారి సామర్లకోటలో నాటకం వేస్తుంటే తల్లి వేషం కట్టాల్సినావిడకి బస్సు తప్పిపోయింది. మునసబుగా తల్లిని తిట్టినవాడే తెర వెనక్కెళ్ళి, చీర చుట్టుకొచ్చి, ఆ తల్లిగా ఏడ్చాడు. జనం రెండుసార్లూ చప్పట్లు కొట్టారు. ఆ నాటకం రాసింది నేను. నా పేరు ఒక్కడికీ గుర్తులేదు. ఆ కుళ్ళు నాకింకా ఉంది, దాచుకోను.

గోదావరి గట్టున ఏ సినిమా తీసినా వాడికో చిన్న వేషం దొరికేది. పెళ్ళిలో పురోహితుడో, పడవలో ప్రయాణికుడో. యాభై నాలుగో ఏట డైలీ సీరియల్లో ఇంటిపెద్ద వేషం వచ్చింది. షూటింగ్ కోరుకొండ రోడ్డులో, ఒక అద్దె మేడలో. మావాడి దశ తిరిగిందని పండగ చేసుకున్నాం. ఎనభయ్యో ఎపిసోడ్లో ఆ పెద్దమనిషి మెట్ల మీంచి పడి కోమాలోకి వెళ్ళాడు. అప్పట్నుంచి మూడేళ్ళుగా మంచం మీదే ఉన్నాడు.

ముక్కులో గొట్టం, మాసిన గెడ్డం. కోడళ్ళిద్దరూ చెరోపక్కా నిలబడి వాడి మీదుగా పోట్లాడుకుంటారు. దోమ కుట్టినా కదలకూడదు. ఒకరోజు ఊపిరి గట్టిగా పీల్చాడని మళ్ళీ తీశారట.

"ఊరికే పడుకోవడమేగా అనుకుంటారు మాస్టారూ. నిలబడి నాలుగు ముక్కలు మాట్లాడి ఎన్నాళ్ళయిందోనండి" అన్నాడు ఒకనాడు, మా వీధరుగు మీద కూర్చుని.

ఆ మాట విన్నాకే ఏడు పాత్రలూ ఒక్కడే వేసే నాటకం రాశాను. మార్చిలో నాటక పరిషత్తు పోటీలు. ఏడింటిలో రెండు ఆడవేషాలు, కాబట్టి గెడ్డం తియ్యాలి. కానీ సీరియల్ వాళ్ళ అగ్రిమెంటు ప్రకారం, పాత్ర బతికున్నంతకాలం గెడ్డం తియ్యకూడదు, ఇంకెక్కడా ముఖానికి రంగు పుయ్యకూడదు.

"అయితే నువ్వు చావాలిరా" అన్నాను.

"చావాలండి" అన్నాడు ఆశగా.

ఇద్దరం డైరెక్టరు మణిశంకర్ దగ్గరికెళ్ళాం. నన్ను చంపెయ్యండి బాబూ అని మావాడు చేతులు జోడించాడు. ఆ కుర్రాయన తెల్లబోయాడు.

"రెండేళ్ళ కిందటే చంపేద్దామనుకున్నామండి. మీ మేడంగారే వద్దన్నారు. మీకు చెప్పలేదా?"

జరిగిందేమిటంటే, సీరియల్లో మనిషి పోతే హాల్లో ఫొటో పెట్టి దండ వెయ్యాలి. ఆ సంగతి తెలిసి వాడి భార్య వరహాలక్ష్మి డబ్బాడు సున్నుండలు పట్టుకుని సెట్టుకొచ్చిందట. "బతికున్న మనిషి ఫొటోకి దండేంటి బాబూ! నా పసుపుకుంకాలు నాకుంచండి" అని ఏడ్చిందట. దండ లేని చావు జనం నమ్మరు కాబట్టి మనిషిని కోమాలోనే ఉంచేశారు.

ఇంటికెళ్ళాం. వరహాలక్ష్మి చిక్కుడుకాయలు ఒలుస్తోంది. మావాడు అడిగితే దాచలేదు.

"చెప్పానండి. ఏం, తప్పా?"

"మూడేళ్ళు బతికుండగానే శవాన్నయిపోయానే వరహాలూ!"

"శవం కాకూడదనేనండి చెప్పింది!"

వాడు గోడకి చేరగిలబడి, పరిషత్తు సంగతీ, ఏడు పాత్రల సంగతీ చెప్పాడు. మోకాళ్ళు ఇంకో ఏడాది ఆగవని కూడా చెప్పాడు. ఆమె చిక్కుడుకాయలు పక్కన పెట్టింది. తర్వాత లోపలికెళ్ళి, పెళ్ళయిన కొత్తలో తీయించిన వాడి ఫొటో తెచ్చి చేతిలో పెట్టింది.

"తీసుకెళ్ళండి. ఆ రోజు నేను మొగల్తూరులో మా చెల్లెలింటికి పోతాను. టీవీ ఉన్న గదిలోకి వెళ్ళను."

నోరు ఆ మాట అంటూనే ఉంది, చెయ్యి మాత్రం దానంతటదే మెళ్ళో సూత్రాల మీదికి పోయింది. వాడు చూశాడు. నేనూ చూశాను. నా నాటకం కోసం చూడనట్టు, "ఒప్పుకుందిగా, పదరా" అన్నాను. అలా అన్నందుకు నాకు ఇప్పటికీ సిగ్గుగా ఉంది.

మర్నాడు సెట్లో బల్ల మీద తడిగుడ్డలో చుట్టిన చామంతి దండ ఉంది. కుంకం, దీపం సిద్ధంగా పెట్టారు. మణిశంకర్ ఫొటో అడిగాడు. గున్నేశ్వరరావు సంచిలో చెయ్యి పెట్టి, దాన్ని పట్టుకుని, బయటికి తియ్యకుండా నిలబడిపోయాడు.

"దండ వద్దండి" అన్నాడు చివరికి. "ఎప్పట్లాగే కానిచ్చెయ్యండి."

వెళ్ళి మంచమెక్కాడు. గొట్టం పెట్టారు. చిన్నకోడలు కాళ్ళ దగ్గర కూర్చుని ఏడుపు మొదలుపెట్టింది. దోమలకి చలించనివాడి మూసిన కంటి కొసన నీళ్ళు ఊరి, గెడ్డంలోకి జారాయి. నేనక్కడే ఉన్నాను.

మణిశంకర్ వెంటనే కట్ చెప్పలేదు. చెప్పగానే "అదిరిందండి! ప్రోమో ఇదే!" అని గంతేశాడు.

మావయ్యగారికి తెలివొస్తోందని ఊళ్ళన్నీ టీవీల ముందు కూర్చున్నాయి. కథని ఇంకో ఏడాది పొడిగించారు. మార్చిలో పరిషత్తుకి నా నాటకం వెళ్ళలేదు.

ప్రోమో వచ్చిన రోజు వరహాలక్ష్మి ఫోను చేసింది.

"చూశారా అన్నయ్యగారూ! కళ్ళు మూసుకునే ఎంత బాగా ఏడ్చారో!"

"మావాడు చెయ్యలేని పాత్ర లేదమ్మా" అని ఫోను పెట్టేశాను.