దిల్‌పసంద్, మెయిన్ స్విచ్, ఏడుగురు సాక్షులు

పోయినవి ఇవి: ఐదు వందల నాలుగు దిల్‌పసంద్‌లు, అంటే ఇరవై ఒక్క ట్రేలు. ట్రేకు ఇరవై నాలుగు. పిండి ఇరవై రెండు కిలోల ఆరు వందల ఎనభై గ్రాములు. కొబ్బరి పూర్ణం పన్నెండు కిలోల ఆరు వందలు. భూపాలపల్లి, మహబూబాబాద్ దుకాణాల్లో ఒక పొద్దుటి వ్యాపారం. వీటన్నిటితో పాటు, చేసిన మనిషి పేరు.

అప్పుడు నేను జనగామలో ఒక బేకరీ తయారీ గదికి సూపర్‌వైజర్‌ని. ఉద్యోగం మానడానికి మూడేళ్ల ముందు, మార్చి నెల, హోలీ పండుగ వారం. తొమ్మిదో తరగతితో నా చదువు ఆగింది. త్రైరాశికం మా తమ్ముడి పాత పుస్తకంలో చూసి నేర్చుకున్నాను. సూపర్‌వైజర్ కుర్చీ నాకు ఇప్పించింది ఆ లెక్కలే.

దిల్‌పసంద్ అంటే ఎండుకొబ్బరి, చక్కెర, టూటీఫ్రూటీ లోపల పెట్టి కాల్చిన గుండ్రటి తీపి రొట్టె. పొద్దున చాయ్‌తో తింటారు. జనగామతో కలిపి మూడు ఊళ్లలోనూ వేడిగా అమ్మాలంటే ముందుగానే చేసి గడ్డకట్టించాలి. చల్లటి నీళ్లతో పిండి కలుపుతాం, ఈస్ట్ అప్పుడే మేలుకోకూడదు కాబట్టి. చలికి కొంత ఈస్ట్ చస్తుంది. అందుకని మామూలుగా కిలో మైదాకు పన్నెండు గ్రాములైతే దీనికి పదిహేను. నలభై ఐదు గ్రాముల పిండిలో ఇరవై ఐదు గ్రాముల పూర్ణం పెట్టి మూస్తాం. పూర్ణం పిడికిట్లో పట్టి వదిలితే పొడిగా రాలాలి. ట్రేల్లో పరిచి, డీప్ ఫ్రీజర్‌లో రాయిలా అయ్యాక డజను చొప్పున కవర్లలో కట్టి తేదీ వేస్తాం. దుకాణంలో ముందు రోజు సాయంత్రం బయట పెడితే అవి పొంగుతాయి, తెల్లారి కాల్చుకుంటారు.

ఆ శనివారం ట్రేలన్నీ చుట్టింది జమున. నర్మెట్ట దగ్గరి తండా ఆమెది. ఇంట్లో లంబాడీ మాట్లాడుకుంటారు. తూకం చూడకుండా ముద్ద తీసినా రెండు గ్రాముల తేడా ఉండేది కాదు. ఆదివారం, సోమవారం పండుగ సెలవు. మంగళవారం రొట్టెల పనిలోనే ఉండి ఫ్రీజర్ మూత ఎవరమూ ఎత్తలేదు. బుధవారం తీసి చూస్తే కవర్లు గట్టిగానే ఉన్నాయి. ఐస్ పెట్టెల్లో పంపించాం. గురువారం పొద్దున రెండు ఊళ్ల నుంచీ ఒకటే ఫోను: ముద్దలు చదునుగా పడిపోయాయి, పాకం కారి ట్రేలకు అంటుకుంది. మధ్యాహ్నానికి అన్నీ వెనక్కి వచ్చాయి.

మా సేటు ముప్పై ఏళ్లు బట్టల దుకాణం నడిపి బేకరీలోకి వచ్చిన మనిషి. చెడ్డవాడు కాదు, తొందరపాటు మనిషి. తయారీ గది మధ్యలో నిలబడి జమునను పిలిచాడు.

"పూర్ణంల నీళ్లు పోసినవా, కన్నీళ్లు పోసినవా? నీ చెయ్యే పాడు చెయ్యి. రేపటి సంది రాకు."

"ఐదు వందల నాలుగు ముద్దలు తూకమేసి చుట్టిన సేటూ. ఒక్కటి తప్పు చూపెట్టు, నేనే పోత."

"నోరొకటి మళ్ల!"

ఆ మాట విన్నవాళ్లం ఏడుగురం. జమున ఏప్రన్ విప్పి, మడతపెట్టి బల్ల మీద పెట్టి వెళ్లిపోయింది. ఓవెన్ మాస్టర్ యాకయ్య వెనక్కి వచ్చిన ముద్దను కొంచెం తుంచి నోట్లో వేసుకుని ఉమ్మేశాడు.

"సేటూ, గిది పుల్లగున్నది. పూర్ణం తడైతే కారుతది గని, పిండి పులుస్తదా?"

"నువ్వు ఓవెన్ చూసుకో."

డబ్బాలో మిగిలిన జమున పూర్ణం నేను పిడికిట్లో పట్టి వదిలాను. ఇసుకలా రాలింది. అంటే ముద్దలే మధ్యలో కరిగి, పులిసి, మళ్లీ గడ్డకట్టి ఉండాలి. నా మీటర్ పుస్తకం తీశాను. దుకాణం మూసేటప్పుడూ, పొద్దున నేను రాగానే కరెంటు మీటర్ అంకె రాయడం నా అలవాటు. పనిలేని రోజు మా ఫ్రీజర్ ఒక్కటే నాలుగు యూనిట్లు తాగుతుంది. శనివారం రాత్రి ఎనిమిది నుంచి మంగళవారం పొద్దున ఎనిమిది దాకా అరవై గంటలు. పది యూనిట్లు కాలాలి. పుస్తకంలో రెండు అంకెల తేడా మూడే. ఆ అంకెలు రాసింది నా చెయ్యే. రాశాను, చూడలేదు. ఇందులో నా తప్పు అది.

పుస్తకం తీసుకుని సేటు దగ్గరికి వెళ్లాను. తాళాలు రెండే. ఒకటి నాది, ఆ రెండు రోజులూ పెద్దవంగరలో మా అక్క ఇంట్లో నాతోనే ఉంది.

"ఆదివారం షట్టర్ తెరిచిండ్రా సేటూ?"

"తెరిచిన. మనుమరాలికి కేకు కావాలంటే అచ్చిన. తీసుకొని, తాళమేసి, దండం పెట్టుకొని పోయిన."

"దండానికి ముందు ఏం జేసిండ్రు?"

ఆయన కుడి చెయ్యి దానంతట అదే తలుపు పక్కన మెయిన్ స్విచ్ ఉన్న ఎత్తుకు లేచింది. మెయిన్ దించడం, షట్టర్ దించడం, షట్టర్‌ను తాకి కళ్లకద్దుకోవడం. ముప్పై ఏళ్ల అలవాటు. బట్టలు కరగవు. మంగళవారం పొద్దున ఐదున్నరకు దాన్ని మళ్లీ పైకెత్తిందీ ఆయనే.

చెయ్యి దించి, "నాదే తప్పు తియ్యి రాజమణీ. జమునను రమ్మని చెప్పు," అన్నాడు.

"నేను చెప్ప. అన్నది మీరు. ఆమె అచ్చేదాక నేను దిల్‌పసంద్‌కు పిండి కలిపించ."

"నన్నే బెదిరిస్తున్నవా?"

"లెక్క చెప్తున్న."

పదకొండు రోజులు కలిపించలేదు. రెండు దుకాణాల నుంచీ ఫోన్లు వచ్చాయి. నేను తీసి సేటు చేతికిచ్చాను. పన్నెండో రోజు ఆయనే మోటారు సైకిల్ మీద తండాకు వెళ్లాడు. జమున వచ్చింది, షరతుతో వచ్చింది. "ఏడుగురి ముందర అన్నడు గదక్కా. ఏడుగురికీ ఆయన నోటితోనే చెప్పాలె. గప్పటిదాంక నేను మర్వ."

అందరినీ ఒకచోట నిలబెట్టి చెప్పడం ఆయన వల్ల కాలేదు. ఒక్కొక్కరికి, పక్కకు పిలిచి చెప్పాడు. నాకు మొదటి రోజే చెప్పాడు. యాకయ్యకు ఉగాది తర్వాత. ఇంకో ఇద్దరికి వానాకాలంలో. చెప్పిన ప్రతిసారీ జమున వచ్చి, "అక్కా, ఒకటి తగ్గింది," అనేది. ముద్దలు చుడుతూనే ఉండేది.

ఫ్రీజర్‌కు మెయిన్‌తో సంబంధం లేకుండా వేరే లైన్ వేయించాను. మీటర్ పుస్తకంలో 'కాలవలసింది' అని ఇంకో గడి గీశాను. చేతిని తప్పుపట్టే ముందు మీటర్ చూడాలి, రాసిన అంకెను పక్క అంకెతో పోల్చాలి. ఈ పనిలో ఆ వారం నేర్చుకున్నది ఇది. యాభై మూడేళ్లకు, మోకాళ్లు నిలబడనివ్వక, ఉద్యోగం మానాను. బాధ్యతలు అప్పగించే కాగితంలో సేటు ఇంకా చెప్పవలసిన వాళ్ల సంగతి కూడా రాశాను. సేటు కొట్టేశాడు. కింద మళ్లీ రాసి సంతకం పెట్టాను. మొన్న జమున ఫోన్ చేస్తే అడిగాను, ఏమైనా మారిందా అని. మారలేదు.

విన్నవాళ్లు ఏడుగురు. చెప్పింది నలుగురికి. ఇంకా ముగ్గురు.