కహిందో సంచిలో బూడిదరంగు గుడ్డ

బుటెంబో ఊళ్లో కహిందోని కెమెరా కంటే భుజాన వేలాడే సంచిని బట్టే ఎక్కువ గుర్తుపడతారు. యుద్ధాన్ని కళ్లారా చూసినవాళ్ల మాటలు చిత్రీకరించడం పదేళ్లుగా ఆమె పని. సాక్షిని కిటికీకి వీపు పెట్టి కూర్చోబెడుతుంది. ముఖం నీడలో పడిందో లేదో తల వంచి చూసుకుంటుంది. ఆ తర్వాత సంచిలోంచి పువ్వూ గీతా లేని బూడిదరంగు గుడ్డ తీసి, "ఇది చుట్టుకో అక్కా" అంటుంది. సాక్షి ఎవరో ఊళ్ల మీద పడే సాయుధ ముఠాకి తెలియకూడదంటే ఇక్కడ ముఖమొక్కటీ దాస్తే చాలదు. ఏ పువ్వుల గుడ్డ ఎవరిదో సంతంతటికీ తెలుసు. మొదట్లో ఆ సంగతి తట్టక తీసిన సినిమా వల్ల ఒకావిడని పిల్లలతో సహా ఊరు దాటించాల్సి వచ్చింది.

మొన్న ఆదివారం చర్చి హాల్లో ఆమె కొత్త సినిమా వేశారు. ముఠాకి ఉప్పందించేవాళ్లూ వచ్చి కూర్చున్నారు. పొలంలో నక్కి తాను చూసిందంతా తెరమీద మార్చిన గొంతుతో చెబుతున్న సోకి అనే ఆవిడ, కింద చివరి వరుసలో చెల్లెలి పక్కనే ఉంది. వాళ్ల వెనక గోడకి ఆనుకుని కహిందో సంచి పట్టీ మెలిపెడుతోంది.

"ఎవరో పాపం, మనవైపు మనిషి మాత్రం కాదు," అంది చెల్లెలు.

"నీకెలా తెలుసే?"

"ఆ గుడ్డ చూడక్కా. అంత దిక్కుమాలిన గుడ్డ మనవాళ్లెవరైనా కడతారా?"

కహిందో వేళ్లు పట్టీని వదిలేశాయి.

"నిజమేనే," అంది సోకి, తెరమీంచి చూపు తిప్పకుండా. "నేనైతే చచ్చినా కట్టను."