మోటారు షెడ్డులో గేమ్ అప్‌డేట్

దెయ్యాలున్నాయని నేను ఎప్పుడూ అనలేదు. ఇప్పుడూ అనడం లేదు. అయినా మా కరెంటాఫీసులో నా అర్జీ అందుకున్న ప్రతి అధికారీ నన్ను దెయ్యాల కథలు చెప్పేవాడిలాగే చూశాడు. మొదటి ఏఈ గారు, అంటే అసిస్టెంట్ ఇంజినీరు, చదివి నవ్వి పక్కన పెట్టారు. ఆయన బదిలీ అయ్యాక వచ్చినాయన చదవకుండానే పక్కన పెట్టారు. మూడో ఆయన కుర్చీ వేయించి టీ తెప్పించారు. సమాధానం మాత్రం చెప్పలేదు. ఇన్నేళ్లు ఎదురుచూసి, ఇక లాభం లేదని ఇక్కడ రాస్తున్నాను.

మాది వినుకొండ దగ్గర పల్లెటూరు. మిరప, పత్తి వేస్తాం. మా నాన్న పోయిన కొత్తలో ఇంట్లో ఒక్కొక్కరికీ కలలో కనిపించాడు. నాకు కనిపించలేదు. కనిపించలేదనే చెప్పాను. అమ్మ బాధపడింది. చూడనిది చూశానని చెప్పడం నాకు చేతకాదు. ఈ రాసేదాంట్లో కూడా నేను చూసిందే ఉంటుంది.

రెండు వేల ఎనిమిది ప్రాంతం. మిరపకాయలు కల్లంలో ఎండుతున్నాయి. ఏటా ఆ రోజుల్లో హైదరాబాదు నుంచి మా అక్క వస్తుంది. కొత్త కాయలు తీసుకుని, మరలో కారం పట్టించుకుని వెళ్తుంది. బస్తాలో చెయ్యి పెట్టి, "నిరుటి కాయే బాగుందిరా శీనూ" అనడం కూడా ఏటా ఉండేదే. ఆ ఏడు కొడుకు కార్తీక్‌ని కూడా తీసుకొచ్చింది.

వాడి దగ్గర చేతిలో పట్టుకుని ఆడుకునే గేమ్ మిషన్ ఒకటుంది. మా ఊళ్లో అలాంటిది ఎవరూ చూడలేదు. మా అమ్మాయి మౌనిక అప్పుడు ఐదో తరగతి. సెలవులు కావడంతో పగలంతా వాళ్లమ్మతో కల్లంలో రంగు పోయిన తాలు కాయలు ఏరింది. సాయంత్రం కార్తీక్ ఇస్తే కాసేపు ఆడింది. తర్వాత వాడు స్నేహితుడి దగ్గర తెచ్చుకున్న కొత్త డిస్కు పెట్టాడు. ఆట రాలేదు. తెర మీద ఇంగ్లీషులో నాలుగు ముక్కలు, కింద ఒక నంబరు వచ్చాయి.

"ఇందాకటిదాకా బాగానే ఉందమ్మా," అన్నాడు వాడు.

అక్క మౌనిక చేతులు పట్టుకుని వాసన చూసింది. "ఈ కారం చేతుల్తో పట్టుకుంటే పాడవదా మరి? కంచం అనుకున్నావే? మిషను అది!"

పిల్ల దొడ్లోకి వెళ్లి సబ్బుతో కడుక్కుంది. మజ్జిగతో కడుక్కుంది. మళ్లీ సబ్బుతో కడుక్కుంది. ఆ రాత్రి అన్నం స్పూనుతో తింది. మా ఇంట్లో స్పూనుతో అన్నం తిన్న మొదటి మనిషి అదే. ఆ స్పూను చప్పుడు నాకు ఇప్పటికీ గుర్తుంది.

నేను తెర మీద ఉన్నది కూడబలుక్కుని చదివాను. "ఇది పాడవలేదక్కా. లోపల సాఫ్ట్‌వేర్ పాతదంట. కొత్తది వేస్తేగానీ ఈ ఆట రాదంట."

"నువ్వెప్పుడయ్యావురా ఇంజినీరువి? మా గృహప్రవేశంలో మైకు పట్టుకుని పాడు చేసింది నువ్వేగా!"

ఆ మైకు నేను పట్టుకోకముందే పాడై ఉంది. ఆ రోజే చెప్పాను. ఇప్పుడూ చెబుతున్నాను.

మర్నాడు స్కూటరేసుకుని వినుకొండ నెట్ సెంటరుకి వెళ్లాను. కొన్ని డిస్కుల్లో ఆ అప్‌డేట్ దాంతోపాటే ఉంటుందట. కార్తీక్ తెచ్చిన దాంట్లో లేదు. నెట్ సెంటరు ఆయన ఫైలు వెతికి, మెమరీ కార్డులోకి ఎక్కించి ఇచ్చాడు. ఇంటికొచ్చి పెడితే, కార్డులో ఏమీ లేదంది మిషను. మళ్లీ వెళ్లాను. ఫైలుని ఊరికే పడేస్తే కుదరదనీ, గేమ్ అనే ఫోల్డరులో అప్‌డేట్ అని ఇంకో ఫోల్డరు చేసి అందులో పెట్టాలనీ ఆయనకి అప్పుడు తెలిసింది. పెట్టి ఇస్తూ ఒక మాట చెప్పాడు.

"ఛార్జరు పెట్టే చెయ్యండి సార్. మధ్యలో ఆగిందంటే ఇక లేవదు. కాగితాల మీద బరువు పెట్టుకోడానికి తప్ప దేనికీ పనికిరాదు."

ఇంటికొచ్చేసరికి కరెంటు లేదు. వచ్చింది, పోయింది, వచ్చింది, పోయింది. ఈలోగా కార్తీక్ పాత ఆట ఆడి ఆడి బ్యాటరీ పూర్తిగా అవగొట్టాడు. ఛార్జింగ్ లేకపోతే అప్‌డేట్ మొదలే కాదు. అసలు బ్యాటరీ నిండాలి, పైగా ఛార్జరుకి కరెంటు వస్తుండాలి. రెండూ ఉంటేనే మొదలుపెడతానంటుంది మిషను. ఈ సంగతి గుర్తుంచుకోండి. నా అర్జీలో కూడా దీని కింద గీత గీశాను.

ఆ తర్వాతి రోజు మధ్యాహ్నం రైలుకి అక్క వాళ్ల ప్రయాణం. పొద్దున్నే ఇంట్లో కరెంటు పోయింది. మా వైపు ఇంట్లో కరెంటు లేకపోతే సెల్‌ఫోన్లు పట్టుకుని పొలంలో మోటారు షెడ్డుకి వెళ్తాం. ఊరి లైను వేరు, పొలాల లైను వేరు. మోటారు తిరగాలంటే మూడు ఫేజులూ రావాలి, అవి వచ్చేది రోజుకి కొన్ని గంటలే. ఆ వేళ కానప్పుడు కూడా ఒక ఫేజు వస్తుంటుంది. దాంతో మోటారు తిరగదు గానీ బల్బు వెలుగుతుంది, ఫోను ఎక్కుతుంది.

మౌనికని తోడు తీసుకెళ్లాను. మిషన్‌ని అది చేత్తో ముట్టుకోలేదు. తువ్వాల్లో పెట్టి మూటకట్టి, ముడి పట్టుకుని మోసుకొచ్చింది.

షెడ్డు తలుపు తీసి స్విచ్ వేశాను. బల్బు వెలిగింది. ఛార్జరు పెట్టాను. మిషను మీద చిన్న దీపం వెలిగింది. మోటారు కదల్లేదు. దానికి ఆటో స్టార్టరు ఉంది, మూడు ఫేజులూ వస్తే దానంతటదే తిరుగుతుంది. సరే, ఒక ఫేజే ఉంది, మనకది చాలు అనుకున్నాను.

బ్యాటరీ గుర్తు నిండేదాకా కూర్చున్నాం. అప్పుడు అప్‌డేట్ మొదలుపెట్టాను. తెర మీద, ఆపవద్దు, ఛార్జరు తీయవద్దు అని వచ్చింది. కింద ఒక గీత మెల్లగా నిండటం మొదలైంది.

"మధ్యలో ఆగిపోతే నాన్నా?"

"ఆగదు."

"ఆగిపోతే అత్తకి ఏం చెప్తాం?"

"నేనే పాడు చేశానని చెప్తాలే."

"నువ్వు చెప్పినా నమ్మదు నాన్నా. నా చేతులే అంటది."

మా అక్క సంగతి నాకు తెలుసు. ఈ మిషను ఇక్కడ చచ్చిపోతే, రేపు ఈ పిల్ల పెళ్లిలో కూడా ఆ మాట తీస్తుంది. మా లైను సంగతీ నాకు తెలుసు. గీత వంక చూసే ధైర్యం లేక బల్బు వంక చూస్తూ కూర్చున్నాను.

ఆ బల్బు ఒక్కసారి కూడా మిణకలేదు. మా లైను మీద, పట్టపగలు, ఒక బల్బు అంత నిలకడగా వెలగడమే నేను అనుమానించాల్సిన మొదటి సంగతి. అనుమానించలేదు.

గీత నిండింది. మిషను ఆగి, మళ్లీ తనే లేచింది. కొత్త డిస్కు పెట్టాను. పాట మొదలై, ఆట వచ్చింది. "నొక్కమ్మా," అన్నాను. మౌనిక అరచెయ్యి గౌనుకి తుడుచుకుంది. ఇంకోసారి తుడుచుకుంది. అప్పుడు నొక్కింది. తెర మీద బొమ్మ ఎగిరింది. మా పిల్ల అంతకన్నా ఎత్తు ఎగిరింది.

ఛార్జరు పీకి మిషను దాని చేతికే ఇచ్చి, ఇద్దరం బయటికొచ్చాం. ఎదురుగా మా చేలో ఉన్న స్తంభం మీద మనిషి.

మా లైన్‌మన్ మస్తాన్. నడుముకి తాడు కట్టుకుని, ఒట్టి చేత్తో తీగ పట్టుకుని ఉన్నాడు. మా ట్రాన్స్‌ఫార్మర్‌కి వచ్చే తీగ.

గొంతు చించుకుని అరిచాను. "మస్తానూ! చెయ్యి తియ్! లైన్లో కరెంటుంది!"

అతను బిగుసుకుపోయాడు. తీగ వంక చూసుకున్నాడు. చెయ్యి వంక చూసుకున్నాడు. "భలే భయపెట్టారండీ! పొద్దున్నే ఎల్‌సీ తీసుకునే ఎక్కా!" అన్నాడు. ఎల్‌సీ అంటే, లైను ఆపి పని చేసుకోమని సబ్‌స్టేషన్ వాళ్లిచ్చే అనుమతి.

"మా షెడ్లో ఇందాకటిదాకా బల్బు వెలిగిందయ్యా!"

"మీ షెడ్లోనా? మీ ట్రాన్స్‌ఫార్మర్ ఫ్యూజులు నా సంచీలో ఉన్నాయండీ శ్రీనివాసరావు గారూ!"

దిగి వచ్చాడు. సైకిలు హ్యాండిల్‌కి తగిలించిన సంచీ విప్పి చూపించాడు. పింగాణీ ఫ్యూజులు మూడూ అందులో ఉన్నాయి. షెడ్డు వెనక్కి వెళ్లి ట్రాన్స్‌ఫార్మర్ చూశాం. ఫ్యూజులు ఉండాల్సిన చోట్లు ఖాళీ. కాలవ మలుపు దగ్గర తీగలకి గొలుసు వేసి భూమికి కలిపి మరీ పని మొదలుపెట్టానన్నాడు. అక్కణ్ణించి ఒక్కో స్తంభమే చూసుకుంటూ వస్తున్నాడు. మేము షెడ్డు తాళం తీసేటప్పటికే లైను ఆగి, ఫ్యూజులు పీకి చాలాసేపయింది.

షెడ్డులోకి వెళ్లాం. బల్బు ఆరిపోయి ఉంది. స్విచ్ నేను వేసింది వేసినట్టే ఉంది. మస్తాన్ టెస్టరు పెట్టి చూశాడు. ఏమీ లేదు.

మౌనిక చేతిలో మాత్రం ఆట నడుస్తోంది. బ్యాటరీ గుర్తు నిండుగా ఉంది.

"ఏదమ్మా, ఆ ఆట ఒకసారి చూపించు," అన్నాడు మస్తాన్. చూశాడు. గట్టు మీద కూర్చుని సీసాలో నీళ్లు తాగాడు. తన వేళ్లు ఒక్కొక్కటే మడిచి తెరిచాడు. తర్వాత నవ్వాడు. "కరెంటుండి కూడా నన్నేమీ చెయ్యలేదంటే, నేనే దెయ్యాన్నేమో చూడండి," అన్నాడు. మౌనిక అతని కాళ్ల వంక చూసి, "మామూలుగానే ఉన్నాయి నాన్నా," అంది. ముగ్గురం నవ్వాం. అంత తేలిగ్గా నేను అంతకు ముందు నవ్వింది లేదు.

తర్వాత నేను ఆలోచించనిది లేదు. ఎవరిదైనా జనరేటరు కరెంటు వెనక్కి వచ్చిందా? చుట్టుపక్కల జనరేటరు లేదు. ఉన్నా, ఫ్యూజులు లేనప్పుడు షెడ్డు దాకా రాదు. ఎవరైనా తీగకి కొక్కెం వేశారా? ట్రాన్స్‌ఫార్మర్ నుంచి షెడ్డుకి వచ్చే మా సర్వీసు తీగ ఈ చివర నుంచి ఆ చివర దాకా చూశాను, ఏమీ లేదు. బ్యాటరీలో మిగిలిన ఛార్జింగ్‌తోనే అయిపోయిందా? అసలు మిగిల్తేగా! ఖాళీ మిషను నిండింది, అప్‌డేట్ అయింది, ఆట ఆడింది. నేనొక్కణ్ణే చూసి ఉంటే నా కళ్లదే తప్పనుకునేవాణ్ణి. మౌనిక కూడా చూసింది.

ఇంటికి వెళ్లి మిషన్ని అక్క ముందు పెట్టాం. కార్తీక్ ఆడటం మొదలెట్టాడు. అక్క చూసి, "కాసేపు వదిలేస్తే అదే బాగవుద్దని నేను అన్లా?" అంది. అన్లేదు. పిల్లని తప్పుగా అన్నానని ఒక్క మాట కూడా అన్లేదు. కారం డబ్బాలు సర్దుకుని రైలెక్కింది. ఇది కూడా నా లెక్కలో ఉంది.

మౌనిక మాత్రం ఆ మాట కోసం ఎదురుచూడలేదు. ఆ మధ్యాహ్నం కంచం ముందు కూర్చుని, కొత్త కారం, నెయ్యి వేసుకుని చేత్తో కలుపుకుంది. ముద్ద ముద్దకీ వేళ్లు నాకింది. మా ఆవిడ నా వంక చూసింది. స్పూను తీసి అటక మీద పడేశాను.

మస్తాన్ ఇంకా ఉద్యోగంలోనే ఉన్నాడు. మా చేలో స్తంభం ఎక్కాల్సి వస్తే ముందు కింద నుంచి కేక వేస్తాడు, "పాపగారి ఆట అయిపోయిందాండీ?" అని. అయిపోయిందంటేనే ఎక్కుతాడు.

నా అర్జీలో నేను ఎవరి మీదా చర్య తీసుకోమనలేదు. ఇది ఆఫీసు వాళ్లకి అర్థం కావడం లేదు. "ఒక ఫేజు వచ్చి ఉంటుందిలేండి," అన్నారు మొదటి ఏఈ గారు. అయితే అదే రాసివ్వండి, మస్తాన్ ఎలా బతికాడో కూడా రాయండి అన్నాను. రాయలేదు. "ఆ రోజు కరెంటే లేదు," అన్నారు మూడో ఆయన. అయితే అదే రాసివ్వండి, మిషను ఎలా నిండిందో కూడా రాయండి అన్నాను. టీ తాగమన్నారు.

నా జీవితంలో నాకు ఫిర్యాదు లేని పూట అదొక్కటే. ఆట ఆడింది, మనిషి బతికాడు. అందులో ఏది తప్పని అంటాను? కానీ అంత మేలు చేసినదాని పేరు తెలియకుండా ఊరుకోవడం నా వల్ల కాదు. ఇప్పుడున్న ఏఈ గారు చదువుతుంటే ఆయనే చెప్పండి. ఆయనకి తెలియకపోతే ఆయన పైవాళ్లు చెప్పండి. ఫ్యూజులు సంచీలో ఉన్నాయి. తీగ మస్తాన్ చేతిలో ఉంది. మా షెడ్డులోకి వచ్చిన కరెంటు ఎక్కడిది?