బాలింత స్నానానికి గ్యాస్ గీజరు

పోయిన చలికాలం నా కూతురు వనపర్తిలోని మా ఇంటికి పురిటికి వచ్చి ఆడపిల్లను కన్నది. మా బాత్రూం గోడకు గ్యాస్ గీజరు ఉంది. కుళాయి తిప్పితే లోపల మంట అంటుకుని వేడినీళ్లు వస్తాయి. కట్టేస్తే మంట ఆగిపోవాలి. తల్లీబిడ్డలు దవాఖాన నుంచి వచ్చిన మరునాడు కుళాయి కట్టేశాక కూడా మంట కాసేపు ఆడుతూనే ఉంది. అది ఆరాక గ్యాస్ వాసన మొదలైంది. లైటు వెయ్యబోయిన మా ఆయన చెయ్యి పట్టుకుని వెనక్కి లాగాను. సిలిండరు దగ్గర రెగ్యులేటరు కట్టేసి, తలుపులూ కిటికీలూ బార్లా తెరిచాను.

మా వీధిలో గ్యాస్ పొయ్యిలు బాగుచేసే అతను వచ్చి విప్పి చూశాడు. నీళ్ల ఒత్తిడితో గ్యాస్‌ను తెరిచి మూసే వాల్వులో మా బోరు నీళ్ల ఉప్పు పేరుకుని, అది సరిగా మూసుకోవడం లేదన్నాడు.

"జర గీకి, ఎం-సీల్ పెట్టి ఇస్త అక్కా. మస్తు రోజులు నడుస్తది."

"నడుస్తదో లేదో చూసేటందుకు నీకు నా బిడ్డే దొరికిందా? కొత్తది ఎయ్యి."

"గీ మాడల్‌ది ఈడ దొరకదు. నా కాడ పాతదొకటి ఉన్నది, గది ఏస్త."

"గది నీ ఇంట్ల ఏసుకో."

గింత దానికి గింత లొల్లి ఏందని మా ఆయన విసుక్కున్నాడు. నన్ను మొండిది అనడం ఆయనకు కొత్త కాదు, నాకు వినడమూ కొత్త కాదు. మరునాడు పాత వాల్వును పేపర్లో చుట్టుకుని బస్సెక్కి, కృష్ణ దాటి గద్వాల పోయాను. మొదటి దుకాణాయన అటూ ఇటూ తిప్పి చూసి, కొంచెం తేడా ఉన్నా బిగించి ఎక్కిస్తే సరిపోతుందన్నాడు. నేను దండం పెట్టి బయటికొచ్చాను. బజారంతా తిరిగి తిరిగి, కాళ్లు లాగుతుంటే, చివరికి సరిగ్గా అదే మాడల్ వాల్వు సంపాదించాను.

మా వీధి అతను దాన్ని బిగించేటప్పుడు నేను పక్కనుంచి కదల్లేదు. సిలిండరు కట్టి ఉందో లేదో ఇంకోసారి చూశాను. గీజరులో నిప్పురవ్వ పుట్టించే సెల్లులు తీయించాను. పాత వాషర్లు మళ్లీ వాడకుండా బయట పారేశాను. అంతా బిగించాక గ్యాస్ తెరిచి, సబ్బు నురుగు ప్రతి అతుకుకూ పూయించాను. ఒక చోట బుడగలు లేచాయి. గ్యాస్ కట్టించి, విప్పి, మళ్లీ బిగించమన్నాను. మళ్లీ నురుగు పూయమన్నాను.

"అక్కా, ఇంగెన్నిసార్లు?"

"నీకు ఓపిక లేకుంటే ఆ సబ్బు నాకియ్యి."

ఈసారి ఒక్క బుడగ లేవలేదు. కుళాయి తిప్పితే మంట వచ్చింది, కట్టేయగానే ఠక్కున ఆగిపోయింది. నాకు ప్రాణం లేచొచ్చింది. మూసిన గదిలో ఆ మంట విషగాలి పుట్టిస్తుందని, గీజరు నడిచినంత సేపు కిటికీ తెరిచే ఉంచాలని ఇంట్లో అందరికీ గట్టిగా చెప్పాను. అందరూ తలలూపారు, మా అత్తమ్మతో సహా.

మా దిక్కు బాలింతకు స్నానం పోసేటప్పుడు పిసరంత గాలి కూడా తగలనియ్యరు. ఆ పని మా ఇంట్లో అత్తమ్మది. మరునాడు పొద్దున నేను బట్టలు ఆరేయడానికి పెరట్లోకి పోతే, బాత్రూం కిటికీ నిండా పాత చీర కుక్కి కనిపించింది. ఉరికి తలుపు తోశాను. లోపల ఊపిరాడని ఉక్క. గీజరులో నీలంగా ఉండాల్సిన మంట పసుపుపచ్చగా మండుతోంది. పీట మీద కూర్చున్న నా కూతురు గోడకు ఒరిగిపోయి, "తల తిరుగుతుందమ్మా" అంది. నీళ్లు పోస్తున్న అత్తమ్మ కూడా తూలుతోంది. కుళాయి కట్టేసి ఇద్దర్నీ బయటికి లాగాను. దవాఖానలో ఆక్సిజన్ పెట్టి, ఇంకాసేపైతే దక్కేవాళ్లు కాదన్నారు.

ఇంటికొచ్చాక నాకు కోపం ఆగలేదు. "నీ గాలి పిచ్చితోని నా బిడ్డ పాణం పోతుండె గదా అత్తమ్మా!" అని అరిచాను.

ఆమె మారుతుందని కూర్చుంటే నా కూతురు నాకు మిగలదు. అందుకే ఆ సాయంత్రమే ఆ పొయ్యిలు బాగుచేసే అతన్ని మళ్లీ పిలిపించి, గీజరును పెరటి గోడకు మార్పించాను. లోపలికి వేడినీళ్ల పైపు ఒక్కటే వచ్చేటట్టు చేయించాను. అతను గోడకు తూటు పొడుస్తుంటే అత్తమ్మ వచ్చి నా పక్కన అరుగు మీద కూర్చుంది.

"నీ మొగని కంటె ముందు నాకొక కొడుకు పుట్టిండె," అంది, గోడ వైపే చూస్తూ. "చలిల నిమ్ము చేసి పోయిండు. తానం పోసేటప్పుడు నేను కిటికి ముయ్యలేదని, నేనే సంపుకున్ననని మా అత్త ఊరంత చెప్పింది."

పెళ్లయి ఇన్నేళ్లలో ఈ మాట నేను విననేలేదు. మా ఆయనకు తెలుసో తెలియదో కూడా నాకు తెలియదు. "ఏం పేరు పెట్టిన్రు అత్తమ్మా?" అని అడిగాను.

"పేరు పెట్టే దినం దాక ఉండలే," అంది.