కానుక భవనంలో కడప బండలు

మేము ఆఫ్రికాకు పోయింది బండలు పరచడానికి. మన ప్రభుత్వం అక్కడొక చిన్న దేశానికి సభాభవనం కట్టించి కానుకగా ఇస్తోంది. అందులో నేలంతా కడప బండే వెయ్యాలని పైన ఎవరో తీర్మానించారు. బండ మనదైతే పరిచేవాళ్లు కూడా మనవాళ్లే ఉండాలన్నారట. కడప బయట ఒక బండల ఫ్యాక్టరీలో నేను మేస్త్రీని. మా చెల్లెలి మొగుడు అక్కడే కోత మిషను మీద ఉండేవాడు. యజమాని మా ఇద్దరినీ పిలిచి పాస్‌పోర్టులకు ఫోటోలు దిగి రమ్మన్నాడు.

చెల్లెలి మొగుడిది బద్వేలు పక్క పల్లె. నేను ఆయన్ను బావా అనేవాణ్ని, ఆయనా నన్ను బావా అనేవాడు. బండను వేలి కణుపుతో కొట్టి చూసి, లోపల పగులుందో లేదో చెప్పేవాడు. ఆదివారం చర్చిలో వాక్యం చదివేది ఆయనే. మైకు అవసరం లేని గొంతు. మా చెల్లెలు, ఏడాదికి పైగా యాడికి పోతాండారు మీరిద్దరూ, అని ఒకసారి అడిగింది. ఆయన పటంలో వేలు పెట్టి చూపించాడు. ఆ వేలి కింద ఆ దేశం మొత్తం మూసుకుపోయింది.

అక్కడి ఎండ మాకు కొత్త కాదు. మట్టి కూడా ఎర్రగా, పొడిగా మన వైపు మాదిరే ఉండేది. రోడ్డుకు ఇవతల మన భవనం. అవతల చైనా వాళ్లు స్టేడియం కడుతున్నారు. అదీ కానుకే. మా సూపర్‌వైజరు ఉత్తరాది మనిషి. కడపలో సాయిబుల వీధి పక్కనే పెరిగినవాణ్ని కాబట్టి నాకు ఆయన హిందీ ఇబ్బంది కాలేదు. ఊరికే ఎందుకు ఇస్తున్నాం సార్ ఇంత పెద్ద భవనం, అని ఒకరోజు అడిగాను. ప్రపంచ దేశాలన్నీ కూర్చునే సభల్లో మన దేశానికీ ఒకటే ఓటు, ఈ దేశానికీ ఒకటే ఓటు, రేపు చెయ్యెత్తాల్సి వచ్చినప్పుడు వీళ్లకు మనం గుర్తుండాలి, అన్నాడు. అవతలి చైనా వాళ్ల కన్నా ముందే మన రిబ్బను కత్తిరించాలని కూడా చెప్పాడు.

బావకు తెలుగులో చెప్తే నవ్వాడు. "ఎలచ్చన్ల ముందు మన చర్చికి మైకు సెట్టు కొనిచ్చినట్లన్నమాట. ఓటు ఎవరికేసినామో మనకే గుర్తు లేదు గదప్పా."

చైనా వాళ్ల వైపు నుంచి ఒక మేస్త్రీ మధ్యాహ్నం మా కొళాయి దగ్గరికి వచ్చేవాడు. యాభై దాటి ఉంటాయి. పొట్టి మనిషి, చేతిలో ఎప్పుడూ వేడినీళ్ల ఫ్లాస్కు. మొదటిరోజు వంగి మా బండను అరచేత్తో రాసి చూసి, బొటనవేలు ఎత్తాడు. బావ ఆయనకు మనింటి ఎర్ర మిరపకాయ పచ్చడి ఇచ్చాడు. అది తిని ముక్కు చీదుకుని, మర్నాడు ఖాళీ గిన్నె పట్టుకొచ్చాడు. మాకూ ఆయనకూ ఒక్క మాట కూడా కలవదు. అయినా వాళ్లిద్దరూ అరగంట కూర్చునేవాళ్లు.

ప్రారంభోత్సవానికి పన్నెండు రోజులు ఉందనగా బావకు జ్వరం వచ్చింది. మొదటిరోజు క్యాంపులో ఉన్న మాత్రలు వేసుకున్నాడు. రెండోరోజు వణుకు ఆగలేదు. ఆస్పత్రికి తీసుకుపోదామని సూపర్‌వైజరును బండి అడిగాను. కాంట్రాక్టరు బండ్లు రెండూ భద్రతా అధికారులతో తిరుగుతున్నాయి, రేపు తప్పకుండా ఇస్తానన్నాడు. మనిషి చెడ్డవాడు కాదు. ఆయన పైన కూడా ఎవరో ఉన్నారు. మూడోరోజు పొద్దున బండి ఇచ్చాడు. ఆస్పత్రిలో చేర్చుకున్నారు. మలేరియా తలకెక్కిందని చెప్పారు.

మధ్య హాలులో వేదిక ముందు నేల ఇంకా మిగిలి ఉంది. బావ కళ్లు తెరిచి నన్ను చూశాడు.

"నువ్వు పో బావా. ఈడ కూసోని ఏం చేస్తావు? నర్సమ్మ ఉండాది గదా."

నేను పోయాను. నన్నెవరూ బలవంతం చేయలేదు. ఈ మాట రాయడానికి నాకు చాలా కాలం పట్టింది. ఆ మధ్యాహ్నం నేను మోకాళ్ల మీద కూర్చుని నేల సమంగా ఉందో లేదో రసమట్టం పెట్టి చూసుకుంటుంటే సూపర్‌వైజరు వచ్చాడు. ఆయన చేతిలో ఫోను ఉంది. హెల్మెట్టు తీసేశాడు. ఆయన చెప్పకముందే తెలిసింది.

లేచి నిలబడలేదు. సిమెంటు పాలు పోసి ఉన్నాయి, అవి గట్టిపడితే బండ కూర్చోదు. ఆ బండ పెట్టి, రబ్బరు సుత్తితో నాలుగు మూలలా కొట్టి, ఆ తర్వాతే లేచాను. ఏడుపు రాలేదు. ఆస్పత్రికి పోయి చూశాను. దుప్పటి అంచున ఏదో అక్షరాలు కుట్టి ఉన్నాయి. వాటిని చదవడానికి ప్రయత్నించాను.

శవాన్ని ఇండియాకు పంపాలంటే కాగితాలు కావాలి. వాటి మీద సంతకాలు పెట్టేవాళ్లంతా పెద్దల రాక పనిలో ఉన్నారు. మన రాయబార కార్యాలయం నుంచి ఒకాయన వచ్చి నా చెయ్యి పట్టుకుని మర్యాదగా మాట్లాడాడు. ప్రారంభోత్సవం అయిన మర్నాడే పంపిస్తామన్నాడు. అప్పటిదాకా ఆస్పత్రి ఐసు గదిలో ఉంచారు.

మర్నాడు పొద్దున నేను హాలులో ఒక్కణ్నే పని మొదలుపెట్టాను. చైనా మేస్త్రీ వచ్చాడు. ఎవరు చెప్పారో తెలీదు. ఫ్లాస్కు గోడ పక్కన పెట్టి, చెప్పులు విడిచి, నా పక్కన మోకాళ్ల మీద కూర్చున్నాడు. బండ అందించాడు. తర్వాత అందించడం ఆపి తనే పెట్టడం మొదలుపెట్టాడు. చాలా శుభ్రమైన పనితనం. సందుల్లో తేడా లేదు. ఇద్దరం కలిసి రెండు వరసలు వేశాం. అప్పుడు సూపర్‌వైజరు చూసి ఉలిక్కిపడ్డాడు. వీడు ఇక్కడ ఉన్నట్టు ఒక్క ఫోటో బయటికి పోతే నా ఉద్యోగం పోతుంది, పంపించెయ్ అన్నాడు. నేను పంపాల్సిన పని లేకుండానే ఆయన లేచి, చేతులు తుడుచుకుని, ఫ్లాస్కు తీసుకుని పోయాడు. మళ్లీ ఆయన్ను నేను చూడలేదు. ఆ రెండు వరసలు అట్లనే ఉన్నాయి.

ప్రారంభోత్సవం రోజు పనివాళ్లెవరూ క్యాంపు దాటి రాకూడదన్నారు. భోజనాల రేకుల షెడ్డులో టీవీ పెట్టారు. ఆ దేశపు పెద్దాయన, మన పెద్దాయన పక్కపక్కనే నేల మీద నడుచుకుంటూ వచ్చారు. పిల్లలు రెండు జెండాలూ ఊపారు. మన దేశపు రాయి మీ దేశపు నేల అయింది, ఇక మన రెండు దేశాల మధ్య దూరం లేదు, అని మన పెద్దాయన ప్రసంగంలో చెప్పారు. షెడ్డులో అందరూ చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను. వేదిక ముందు ఒక బండ కొంచెం అదురుతుందేమోనని నాకు అనుమానం. ఇద్దరూ దాని మీదనుంచే నడిచారు. అదరలేదు.

ఆ తర్వాత నేను, బావ ఉన్న పెట్టె బెంగుళూరులో దిగాం. అక్కడినుంచి అంబులెన్సులో కడప మీదుగా బద్వేలుకు వచ్చాం. డ్రైవరు నన్ను ముందు సీట్లో కూర్చోబెట్టుకుని, రోడ్డు పొడుగునా ఏ ఊరు ఎంత దూరమో చెప్పుకుంటూ వచ్చాడు. నాకు తెలిసిన ఊర్లే. అన్నిటికీ ఊఁ కొట్టాను.

పెట్టెకు సీలు వేసి ఉంది, తెరవకూడదన్నారు. చర్చి ముందర చెల్లెలు దాని మీద చెయ్యి పెట్టి నిలబడింది. లోపల ఉండేది ఆయనేనా అని అడిగింది. ఆయనేనమ్మా, పెట్టేటప్పుడు చూసినాను, అన్నాను.

"పోయేటప్పుడు నువ్వు పక్కన ఉండావా అన్నా?"

ఉండానన్నాను.

ఆరు నెలల తర్వాత ఒకరోజు సమాధికి సున్నం వేసి వస్తూ దారిలో చెల్లెలికి నిజం చెప్పేశాను. అది నడక ఆపలేదు. "ఆ రోజు మధ్యాహ్నం నాకు ఫోన్ చేసినాడు. మీ అన్నను పనికి పంపించినా, ఈడ ఉంటే నా మొగం చూసి ఏడుస్తాడు అన్నాడు. నాకు ముందే తెలుసు." అంతే చెప్పింది. ఇన్నాళ్లూ ఎందుకు ఊరుకున్నావని నేను అడగలేదు. అప్పటికైనా నాకు ఏడుపు రావాల్సింది. ఎండకు తల తిరుగుతోంది, ఎక్కడైనా మంచినీళ్లు దొరికితే బాగుండు అనుకున్నాను.

ఇప్పుడు నేను వేంపల్లె వైపు ఇళ్లకు బండలు పరుస్తాను. చెల్లెలు బద్వేలులో ఒక బడిలో ఆయాగా చేస్తోంది. మొన్న కడప నుంచి వేంపల్లె బస్సులో నా పక్కన ఒక నల్ల కుర్రాడు కూర్చున్నాడు. మన ప్రభుత్వం ఇచ్చే స్కాలర్‌షిప్పు మీద ఇంజనీరింగు చదువుతున్నాడట. స్నేహితుడి ఊరు చూడటానికి పోతున్నాడు. ఏ దేశం అని అడిగితే ఆ దేశం పేరే చెప్పాడు. నాకు వచ్చిన హిందీ, ఆ కుర్రాడికి వచ్చిన తెలుగు కలిపి మాట్లాడుకున్నాం. నేనూ అక్కడ ఉండి వచ్చాను, సభాభవనం తెలుసా అన్నాను. తెలుసన్నాడు. మా అక్క పెళ్లి ఫోటోలు దాని ముందరే తీశారు, లోపల నేల చల్లగా ఉంటుంది, అన్నాడు. అయితే జనం ఎక్కువ పోయేది స్టేడియానికే, ఫుట్‌బాల్ కదా, అని నవ్వాడు. మీరెందుకొచ్చారు మా దేశానికి అని అడిగాడు. నేల పనికి వచ్చానన్నాను. బావ సంగతి చెప్పలేదు. ఇక్కడ ఎట్లుంది నీకు అని అడిగితే, చదువు బాగుందన్నాడు. మొదట్లో ఎవరూ అద్దెకు ఇల్లు ఇవ్వలేదని, ఇప్పుడొక ముసలామె ఇచ్చిందని చెప్పాడు. దిగేటప్పుడు నా చెయ్యి రెండు చేతులతో పట్టుకుని వంగాడు. వాళ్ల దేశంలో పెద్దవాళ్లకు అట్లనే చేస్తారు.

ఆదివారం చర్చి అయినాక ఈ సంగతంతా చెల్లెలికి చెప్పాను. చింతపండు గింజలు తీస్తూ వింది.

"ఆ పిల్లోడు ఈడ ఏం తింటాడంట?" అని అడిగింది.

నేను అడగలేదన్నాను.